యూనిట్ 7: ముఖం ఒకరిది, కంఠం ఒకరిది – నటి సరిత నాలుగున్నర దశాబ్దాల కృషి

విషయక్రమం

7.0 లక్ష్యాలు
7.1 పరిచయం
7.2 విశాఖ తీరం, ‘మరో చరిత్ర’
7.3 స్వప్న పాత్ర: నటన విశ్లేషణ
7.4 తెలుగు నుంచి పొరుగు భాషలకు
7.5 కంఠం: రెండో వృత్తి
7.6 విమర్శ ఎదుర్కోవలసిన ప్రశ్న
7.7 మళ్ళీ తెర మీదికి
7.8 సారాంశం
7.9 ముఖ్యపదాలు
7.10 నమూనా పరీక్ష ప్రశ్నలు

7.0 లక్ష్యాలు

ఈ యూనిట్‌ను చదివిన తరువాత మీరు:
– ఒక నటి వృత్తి జీవితాన్ని చిత్రాల పట్టికగా కాక, విమర్శనాత్మకంగా పరిశీలించగలుగుతారు.
– ‘మరో చరిత్ర’ (1978) చిత్రంలో సరిత నటనను దృశ్యాల ఆధారంగా విశ్లేషించగలుగుతారు.
– సినిమాలో ముఖానికీ కంఠానికీ ఉన్న సంబంధాన్ని, డబ్బింగ్ కళ స్వరూపాన్ని వివరించగలుగుతారు.
– విమర్శలో ఆధారానికీ ఊహకూ ఉన్న తేడాను గుర్తించగలుగుతారు.

7.1 పరిచయం

గత యూనిట్లలో దర్శకుల గురించి, కథా నిర్మాణం గురించి చదువుకున్నారు. ఈ యూనిట్‌లో ఒక నటి గురించి తెలుసుకుందాం. మన పత్రికలలో నటీమణుల గురించి వచ్చే రచనలు చాలావరకు రెండు రకాలు. జీవిత విశేషాలు చెప్పేవి ఒక రకం, పొగడ్తలతో నిండినవి మరొక రకం. ఆ నటి తెర మీద ఏమి చేసింది, ఆమె చేసినదానిని పరిశ్రమ ఎలా వాడుకుంది అనే ప్రశ్నలను ఈ రెండూ సాధారణంగా పట్టించుకోవు. ఆ ప్రశ్నలు వేయడమే విమర్శ పని.

సరిత గుంటూరు జిల్లా మునిపల్లెలో జన్మించారు. అసలు పేరు అభిలాష. ‘సరిత’ అన్నది దర్శకుడు కె. బాలచందర్ పెట్టిన తెర పేరు. 1978లో ‘మరో చరిత్ర’తో నటిగా పరిచయమయ్యారు. తరువాత తెలుగు, తమిళ, కన్నడ, మలయాళ భాషలలో నటించారు. ఆపైన ఇతర నటీమణులకు గాత్రదానం చేసి ఆ రంగంలో అగ్రస్థానానికి చేరుకున్నారు. 2023లో విడుదలైన ‘మావీరన్’ (తెలుగులో ‘మహావీరుడు’) చిత్రంలో తల్లి పాత్రలో కనిపించారు. అంటే ఆమె కృషి 45 ఏళ్ళ పొడవునా సాగింది.

ఈ 45 ఏళ్ళలో ఒక విచిత్రం ఉంది. తెలుగు ప్రేక్షకులు ఆమె ముఖాన్ని చూసింది కొద్దికాలమే. ఆమె గొంతును మాత్రం ఏళ్ళ తరబడి విన్నారు. విన్నవారిలో చాలామందికి ఆ గొంతు ఆమెదని తెలియదు. ఇలా ఎందుకు జరిగింది? ఈ యూనిట్‌లో మనం చర్చించబోయే ప్రధాన విషయం ఇదే.

7.2 విశాఖ తీరం, ‘మరో చరిత్ర’

‘మరో చరిత్ర’ కథ క్లుప్తంగా ఇది. పక్కపక్క ఇళ్ళలో ఉండే రెండు కుటుంబాలు. ఒకటి తెలుగువారిది, ఒకటి తమిళులది. భాష వేరు, తిండి వేరు, అలవాట్లు వేరు. పెద్దలకు పడదు. తెలుగింటి అమ్మాయి స్వప్న (సరిత), తమిళ యువకుడు బాలు (కమల్ హాసన్) ప్రేమించుకుంటారు. ఏడాదిపాటు ఒకరినొకరు చూసుకోకుండా, మాట్లాడుకోకుండా ఉంటే పెళ్ళి చేస్తామని పెద్దలు షరతు పెడతారు. ఎడబాటు ముగిసి కలుసుకోవలసిన సమయానికి ఇద్దరూ దుర్మార్గుల చేతిలో పడతారు. కథ సముద్రంలో ముగుస్తుంది.

చిత్రాన్ని విశాఖపట్నం, భీమునిపట్నం పరిసరాలలో తీశారు. ఈ కథకు ఈ ఊరు ఎందుకు సరిపోయింది అని ఆలోచించడం అవసరం. విశాఖ అప్పటికే ఒక భాష మాట్లాడే ఊరు కాదు. 1933లో ఓడరేవు ప్రారంభమైంది. 1940లలో నౌకా నిర్మాణ కేంద్రం వచ్చింది. 1957లో చమురుశుద్ధి కర్మాగారం వచ్చింది. నౌకాదళ స్థావరం పెరిగింది. 1971లో ఉక్కు కర్మాగారానికి శంకుస్థాపన జరిగింది. ఈ సంస్థలన్నీ దేశం నలుమూలల నుంచి ఉద్యోగులను తీసుకువచ్చాయి. పోర్టు క్వార్టర్సులో, నేవీ కాలనీలలో గోడకు ఆ పక్క తమిళం, ఈ పక్క తెలుగు, ఎదురింట్లో ఒడియా వినిపించడం విశాఖలో రోజువారీ సంగతి. పల్లెటూరులో ఈ కథ పెడితే తమిళ కుటుంబం అక్కడికి ఎందుకు వచ్చిందో ప్రత్యేకంగా చెప్పవలసి వచ్చేది. విశాఖలో ఆ వివరణ అక్కరలేదు. ఊరే వివరణ.

మరొక విషయం. ఈ చిత్రం నలుపు తెలుపులలో ఉంది. 1978 నాటికి తెలుగులో రంగుల చిత్రాలు బాగా స్థిరపడ్డాయి. అలాంటి కాలంలో ఛాయాగ్రాహకుడు బి.ఎస్. లోకనాథ్ సముద్రాన్ని, బండలను, ఇసుకను, మనుషులను బూడిద రంగు ఛాయలలో చూపించారు. ఈ పద్ధతి నాయిక ముఖానికి ఎలా ఉపకరించిందో తరువాతి భాగంలో చూద్దాం. సంభాషణలు రాసిన గణేశ్ పాత్రో ఉత్తరాంధ్ర నుంచి వచ్చిన నాటక రచయిత. పాటలు ఆత్రేయ రాశారు. సంగీతం ఎం.ఎస్. విశ్వనాథన్.

ఈ చిత్రం మద్రాసులో, బెంగళూరులో తెలుగులోనే, అనువాదం లేకుండానే ఏడాదికి మించి ఆడింది. భాష పూర్తిగా అర్థం కాని ప్రేక్షకులు కూడా పదే పదే చూశారంటే వారిని పట్టి ఉంచినవాటిలో నటుల ముఖాలకూ కంఠాలకూ పెద్ద పాలు ఉందని భావించవచ్చు.

మీ ప్రగతిని తెలుసుకోండి – 1
1. ‘మరో చరిత్ర’ కథకు విశాఖపట్నం ఏ విధంగా అనువైన ఊరు?
2. ఈ చిత్రానికి ఛాయాగ్రాహకుడు, సంభాషణల రచయిత ఎవరు?

7.3 స్వప్న పాత్ర: నటన విశ్లేషణ

ఒక నటన బాగుంది అనడం అభిప్రాయం. ఏ దృశ్యంలో, దేనివల్ల బాగుంది అని చూపడం విమర్శ. అందుకే మూడు సందర్భాలను తీసుకుందాం.

మొదటిది లిఫ్టు సన్నివేశం. స్వప్న అలిగి ఉంటుంది. తెలుగు సరిగా రాని బాలు, తెలుగు సినిమా పేర్లను ఒకదాని వెంట ఒకటి గుచ్చి పాటగా పాడి ఆమెను ప్రసన్నం చేసుకుంటాడు. ఈ పాటను అందరూ ఆ పేర్ల కూర్పు కోసం గుర్తుపెట్టుకుంటారు. కాని గమనించండి. పాటలో పెద్ద పాలు అతనిది. ఆమెది వినడం. ఇరుకైన లిఫ్టులో కదలడానికి చోటు లేదు, చెప్పడానికి మాటలు లేవు. కోపం, ఆశ్చర్యం, నవ్వు ఆపుకోవడం, ఆపుకోలేకపోవడం – ఇవన్నీ ఆమె ముఖం మీదనే జరగాలి. అతని తెలుగు తప్పుల్లోని తీపి ఆమె ముఖం ద్వారానే మనకు తెలుస్తుంది. వినడం కూడా నటనే అని ఈ సన్నివేశం చెబుతుంది.

రెండవది బూడిద సన్నివేశం. తల్లి కోపంతో బాలు ఫొటోను కాల్చివేస్తుంది. స్వప్న ఎదురు తిరిగి కేకలు వేయదు. ఆ బూడిదను కప్పులో కలుపుకొని తాగేస్తుంది. కాగితం మీద చదివితే ఇది అతిగా తోస్తుంది. చిన్న పొరపాటు జరిగినా ప్రేక్షకులు నవ్వే ప్రమాదం ఉంది. సరిత దీనిని త్యాగంగా కాక మొండితనంగా నటించారు. ‘నువ్వు కాల్చావు, నేను దాచుకున్నాను’ అన్న పిల్ల మంకుపట్టు అందులో ఉంది. అందుకే ఆ చర్య నమ్మదగినదయింది. అప్పటికి ఆమె బడి ఈడు దాటుతున్న అమ్మాయి. ఆ వయసు ఇక్కడ లోపం కాలేదు, బలమయింది.

మూడవది, ఎస్. జానకి పాడిన ఏకగళ గీతం. తమ ప్రేమకు తోడుగా నిలిచిన చోట్లను తలచుకొని నాయిక కృతజ్ఞత చెప్పుకొనే పాట ఇది. నాట్యం లేదు, బృందం లేదు. ఒక అమ్మాయి, కొన్ని చోట్లు, అంతే. పాట జానకిది, మాట ఆత్రేయది. వాటికి ఒంటరితనాన్ని చేర్చింది సరిత నడక, చూపు.

ఇక్కడ నలుపు తెలుపు ప్రస్తావన మళ్ళీ తేవాలి. సరితది నల్లని ఛాయ, పెద్ద కళ్ళు. ఆనాటి రంగుల చిత్రాలలో నాయికలను దట్టమైన తెల్లని మేకప్‌తో, ఎక్కువ వెలుగులో చూపడం వాడుక. లోకనాథ్ అలా చేయలేదు. ముఖాన్ని నీడల్లోనే ఉంచి కళ్ళ మీదికి మన చూపును తీసుకువెళ్ళారు. తెర మీద స్వప్న, పక్కింటి అమ్మాయిలా కనబడింది. ఈ మాటను పత్రికలు అరిగిపోయేలా వాడాయి. కాని దాని అసలు అర్థం ఏమిటంటే, హాలులో కూర్చున్న వేలాది తెలుగు అమ్మాయిల ఛాయ మొదటిసారిగా ఒక పెద్ద ప్రేమకథకు నాయిక ఛాయ అయింది.

చిత్రంలో లోపాలు లేవని కాదు. ముగింపులో స్వప్నపై జరిగే అత్యాచారాన్ని విషాదాన్ని తొందరపెట్టే సాధనంగా వాడారు. అంతవరకూ తన ఇష్టానికి నిలబడిన అమ్మాయిని కథ చివరికి నిస్సహాయురాలిగా మార్చింది. ఇది రచనలోని లోపం. నటనలోనూ కొన్నిచోట్ల కళ్ళు విప్పార్చే అలవాటు అవసరానికి మించింది. తరువాతి చిత్రాలలో కొందరు దర్శకులు దీనినే ఆమె ముద్రగా తీసుకొని పదే పదే వాడారు. మంచి నటనను మెచ్చుకునేటప్పుడు ఇలాంటివాటిని దాచనక్కరలేదు.

మీ ప్రగతిని తెలుసుకోండి – 2
1. లిఫ్టు సన్నివేశంలో ‘వినడం కూడా నటనే’ అన్న మాటను ఎలా సమర్థిస్తారు?
2. ఈ చిత్రంలో మీకు కనిపించిన ఒక లోపాన్ని కారణంతో రాయండి.

7.4 తెలుగు నుంచి పొరుగు భాషలకు

‘మరో చరిత్ర’ తరువాత బాలచందర్ చిత్రాలలో సరిత వరుసగా కనిపించారు. 1978లోనే ‘తప్పు తాళంగళ్’ అనే తమిళ చిత్రంలో రజనీకాంత్ సరసన వేశ్య పాత్ర ధరించారు. 1979లో తెలుగులో ‘గుప్పెడు మనసు’ వచ్చింది. తనకు ఆశ్రయమిచ్చిన ఇంటి యజమాని వల్లనే తల్లి అయ్యే అమ్మాయి పాత్ర ఆమెది. ఇందులో ఆమె జాలి కోరే పాత్రను జాలి కోరకుండా నటించారు. చిత్రంలో శరత్‌బాబు, సుజాత ఉన్నా, ఎవరిది తప్పు అన్న ప్రశ్న తేలనంతగా ప్రేక్షకుణ్ణి ఇబ్బంది పెట్టేది ఆ అమ్మాయి మౌనమే.

ఆపై ఆమె వృత్తికి కేంద్రం తమిళం అయింది. మూడు చిత్రాలను ప్రత్యేకంగా చెప్పుకోవాలి.

‘తణ్ణీర్ తణ్ణీర్’ (1981) కోమల్ స్వామినాథన్ నాటకం ఆధారంగా తీసిన చిత్రం. గుక్కెడు నీళ్ళు దొరకని పల్లె కథ. ఉత్తమ తమిళ చిత్రంగా జాతీయ పురస్కారం పొందింది. ఇందులో సరిత ఊరి ఆడపడుచు. భర్త పోలీసు ఉద్యోగి. ఊరు ఒకవైపు, కాపురం మరొకవైపు లాగే స్త్రీ పాత్రను ఆమె నేల మీద నిలబడి నటించారు. బిందె మోసే తీరు, మెట్ట నేల మీద నడక ఇవన్నీ మాట్లాడతాయి.

‘అగ్నిసాక్షి’ (1982)లో మనసు అదుపు తప్పే కవయిత్రి అయిన భార్య పాత్ర. అతిశయానికి తావున్న పాత్ర ఇది. అక్కడక్కడ అతిశయం ఉంది కూడా. ‘అచ్చమిల్లై అచ్చమిల్లై’ (1984)లో ఆదర్శవాది అని నమ్మి పెళ్ళాడిన మనిషి, రాజకీయాలలో చేరి కుళ్ళిపోవడం చూసే భార్య పాత్ర. చివరికి నిండు సభలో అతని ప్రాణం ఆమె తీస్తుంది. స్వప్న పాత్రలోని మొండితనం ఇక్కడ పెరిగి పెద్దదయి, న్యాయం అడిగే శక్తిగా మారింది. ఆరేళ్ళలో ఒక నటి ఎంత దూరం ప్రయాణించిందో తెలియాలంటే ఈ రెండు చిత్రాలను పక్కపక్కన చూడాలి.

కన్నడంలో రాజ్‌కుమార్ సరసన ‘హొస బెళకు’ (1982), ‘కామన బిల్లు’ (1983), ‘భక్త ప్రహ్లాద’ (1983) చిత్రాలలోను, మలయాళంలో భరతన్ దర్శకత్వం వహించిన ‘కాతోడు కాతోరం’ (1985)లోను నటించారు. నాలుగు భాషలలో నాయిక అయిన ఆమెకు మాతృభాషలో మాత్రం అంత విస్తృతమైన పాత్రలు దక్కలేదు. 1980లలో తెలుగు వ్యాపార చిత్రాల నాయిక స్వరూపం వేరే దారి పట్టింది. పాటకు ఆరు చీరలు, మంచు కొండలు, నృత్యాలు ప్రధానమయ్యాయి. ముఖంలో కథ చెప్పగల నటికి ఆ చట్రంలో పని తక్కువ.

7.5 కంఠం: రెండో వృత్తి

ఇక్కడి నుంచి ఆమె కృషిలో రెండో అధ్యాయం. 1980ల చివర, 1990లలో తెలుగు, తమిళ చిత్రాలకు ఇతర భాషా ప్రాంతాల నుంచి నాయికలు పెద్ద సంఖ్యలో వచ్చారు. వారిలో చాలామందికి భాష రాదు. వచ్చినవారికి కూడా చిత్రానికి తగిన ఉచ్చారణ, ఊనిక ఉండకపోవచ్చు. అందువల్ల వారి మాటలను మరొకరి చేత పలికించే పద్ధతి స్థిరపడింది. దీనినే డబ్బింగ్ అంటాం. సరిత ఇందులో ముందువరుసలో నిలిచారు. విజయశాంతి, నగ్మా, సౌందర్య వంటి నటీమణులకు అనేక చిత్రాలలో ఆమె గొంతు ఇచ్చారు. ఉత్తమ డబ్బింగ్ కళాకారిణిగా రాష్ట్ర ప్రభుత్వ నంది పురస్కారం కూడా అందుకున్నారు.

డబ్బింగ్ ఎలా జరుగుతుందో తెలిస్తే అందులోని కష్టం అర్థమవుతుంది. డిజిటల్ పద్ధతి రాకముందు చిత్రాన్ని చిన్న చిన్న ముక్కలుగా చేసి, ఒక్కొక్క ముక్కను తెర మీద మళ్ళీ మళ్ళీ వేసేవారు. చీకటి గదిలో మైకు ముందు నిలబడి, తెర మీది పెదవుల కదలికకు సరిపోయేలా సంభాషణ పలకాలి. ప, బ, మ వంటి అక్షరాలకు పెదవులు మూసుకుంటాయి. తెర మీద పెదవులు మూసినప్పుడు మైకు ముందు ‘ఆ’ అని పలికితే ప్రేక్షకుడు వెంటనే పట్టేస్తాడు. తెర మీది నటి ఊపిరి ఎక్కడ తీసిందో అక్కడే ఊపిరి తీయాలి. ఆమె ఏడుస్తూ పరుగెత్తుతుంటే, ఇక్కడ కదలకుండా నిలబడి ఆ రొప్పు తేవాలి. పైగా ఒంటరిగా. ఎదుటి పాత్ర అక్కడ ఉండదు.

ఇదంతా యాంత్రిక నైపుణ్యం. దీనికి మించినది ఇంకొకటి ఉంది. గొంతు ఇచ్చేవారు ఆ పాత్రను మళ్ళీ నటించాలి, అదీ వేరొకరి ముఖం పెట్టిన హద్దులలో. విజయశాంతి ధరించిన రోషం గల పాత్రలకు, సౌందర్య ధరించిన ఇల్లాలి పాత్రలకు ఒకే కంఠం పలికిందని చెబితే చాలామంది నమ్మరు. ఆ నమ్మకపోవడమే ఆ కళ విజయం. సౌందర్య కన్నడ ప్రాంతం నుంచి వచ్చారు. తెలుగు ఇళ్ళలో ఆమెను మన ఇంటి ఆడపిల్లగా స్వీకరించారు. ఆ స్వీకారంలో ఆమె అభినయానికి ఎంత పాలుందో, ఆ గొంతులోని తెలుగుకూ అంత పాలుంది. ఇది సౌందర్య గొప్పతనాన్ని తగ్గించడం కాదు. తెర మీద కనిపించే ‘ఒక’ నటన నిజానికి ఇద్దరి శ్రమ అని గుర్తించడం.

ఈ దారిలో సరిత ఒంటరి కాదు. ‘భక్త ప్రహ్లాద’ (1967)లో ప్రహ్లాదుడిగా పేరు పొందిన రోజారమణి కూడా తరువాతి కాలంలో ఎందరో నాయికలకు గొంతు ఇచ్చారు. గాయని సునీత కూడా ఈ రంగంలో పేరు పొందారు. తెలుగు వచ్చిన స్త్రీల కంఠాలు, తెలుగు రాని ముఖాలు – ఈ పొందిక మన చిత్రపరిశ్రమలో ఒక వ్యవస్థగా మారింది.

కృత్యం: మీ ఇంట్లో టీవీలో 1990ల నాటి తెలుగు చిత్రం వచ్చినప్పుడు ఐదు నిమిషాల సన్నివేశం ఒకటి ఎన్నుకోండి. మొదట శబ్దం ఆపి చూడండి. తరువాత కళ్ళు మూసుకొని వినండి. ఏ భావం ముఖంలో ఉంది, ఏ భావం గొంతులో మాత్రమే ఉంది అన్నది రెండు పట్టీలుగా రాసుకోండి. సంపర్క తరగతిలో చర్చకు తీసుకురండి.

7.6 విమర్శ ఎదుర్కోవలసిన ప్రశ్న

ఇప్పుడు మొదట వేసుకున్న ప్రశ్నకు వద్దాం. తెలుగు పరిశ్రమ సరిత ముఖాన్ని వదిలి గొంతును ఎందుకు ఉంచుకుంది?

ఒక సమాధానం వెంటనే తడుతుంది: రంగు. నల్లని నాయిక ముఖం వ్యాపారానికి పనికిరాదని, ఆ ముఖం వెనుక ఉన్న నటన మాత్రం కావలసి వచ్చిందని. ఈ వాదానికి కొంత ఆధారం ఉంది. 1981లో ‘మరో చరిత్ర’ను బాలచందరే హిందీలో ‘ఏక్ దూజే కే లియే’గా తీశారు. నాయకుడు కమల్ హాసన్ మారలేదు. రెండో కథానాయికగా మాధవి కూడా మారలేదు. మారింది నాయిక. సరిత స్థానంలో తెల్లని ఛాయగల రతీ అగ్నిహోత్రి వచ్చారు. మరొక ఉదాహరణ అర్చన. ఆమె కూడా నల్లని ఛాయగల తెలుగు నటి. తమిళంలో ‘వీడు’ (1987), తెలుగులో బి. నర్సింగరావు ‘దాసి’ (1988) చిత్రాలకు జాతీయ ఉత్తమ నటి పురస్కారం పొందారు. వ్యాపార చిత్రాలలో మాత్రం ఆమెకు తగిన చోటు దొరకలేదు.

కాని మంచి విమర్శకుడు తనకు నచ్చిన సమాధానాన్నే ఎక్కువగా పరీక్షించాలి. హిందీ చిత్రంలో కథ మారింది. అక్కడ అమ్మాయి హిందీ మాట్లాడే ఇంటి పిల్ల కావాలి. హిందీ సహజంగా వచ్చిన నటిని తీసుకోవడానికి అది కూడా ఒక కారణమై ఉండవచ్చు. తమిళంలో, కన్నడంలో సరిత నాయికగా నిలిచారు. రంగు ఒక్కటే అడ్డయితే అక్కడా అడ్డు కావాలి కదా? ఆమెకు ఎక్కువ అవకాశాలు ఇచ్చిన దర్శకుడు తమిళంలో ఎక్కువగా పనిచేయడం ఇంకొక కారణం. డబ్బింగ్‌ను ‘దిగజారడం’గా చూడటం కూడా సరికాదు. అది నైపుణ్యం, ఆదాయం, గౌరవం ఉన్న వృత్తి.

కాబట్టి ఒకే కారణం చెప్పి ముగించలేం. అయినా అన్ని కారణాలనూ పక్కన పెట్టి చూసినా ఒక విషయం మిగులుతుంది. పొరుగు రాష్ట్రాల నుంచి తెలుగు రాని నాయికను తెచ్చి, ఆమె వెనుక తెలుగు వచ్చిన నటి గొంతును పెట్టడంలో పరిశ్రమ రెండు ఖర్చులు భరించింది. తెలుగు వచ్చి, నటనా వచ్చిన మనిషి మైకు ముందు నిలబడి ఉండగానే ఇది జరిగింది. దీనిని పొదుపు, సౌకర్యం అనే మాటలతో వివరించలేం. నాయిక ముఖం ఎలా ఉండాలన్న ఒక ముందస్తు నిర్ణయం లేకపోతే ఈ లెక్క కుదరదు. ఆ నిర్ణయం నిర్మాతలది మాత్రమేనా? టిక్కెట్టు కొని చూసిన మనది కూడానా? ఈ ప్రశ్నను ప్రతి విద్యార్థీ తనకు తాను వేసుకోవాలి.

పెళ్ళిచూపులలో ఛాయ గురించి వినిపించే మాటలు మీకు కొత్త కావు. తెర, ఇల్లు ఒకదానిని చూసి ఒకటి నేర్చుకుంటాయి. 1978లో విశాఖ తీరం మీద నడిచిన స్వప్న ఆ పాఠాన్ని కొద్దిసేపు ఆపింది. తరువాత పాఠం మళ్ళీ మొదలైంది. ‘మరో చరిత్ర’ విజయం సాధించినా అది పరిశ్రమ అలవాటును మార్చలేకపోయింది. ఒక్క చిత్రం గెలిచినంత మాత్రాన అలవాటు ఓడదు అన్నది ఇక్కడ మనం నేర్చుకోవలసిన విషయం.

మీ ప్రగతిని తెలుసుకోండి – 3
1. ‘రంగు ఒక్కటే కారణం’ అన్న వాదాన్ని బలపరిచే ఒక ఆధారం, బలహీనపరిచే ఒక ఆధారం రాయండి.
2. డబ్బింగ్ వ్యవస్థ తెలుగులో ఎందుకు స్థిరపడింది?

7.7 మళ్ళీ తెర మీదికి

2004లో గుణశేఖర్ దర్శకత్వంలో వచ్చిన ‘అర్జున్’ చిత్రంలో సరిత తెలుగు తెర మీద మళ్ళీ గట్టిగా కనిపించారు. మహేశ్‌బాబు నాయకుడు. ప్రకాశ్‌రాజ్ భార్యగా, కోడలి ప్రాణం తీయజూసే అత్తగా ఆమె ప్రతినాయిక పాత్ర ధరించారు. మదురై నేపథ్యంలో సాగే ఈ చిత్రంలో ఆమె మాటల కన్నా మాటల మధ్య నిశ్శబ్దం ఎక్కువ భయపెడుతుంది. ఏళ్ళ తరబడి ఇతరుల పెదవులకు గొంతు సరిపెట్టిన మనిషికి ఇక్కడ తన పెదవులు, తన గొంతు రెండూ తన చేతిలో ఉన్నాయి. ఆ అదుపు తెర మీద కనిపిస్తుంది. అయితే పాత్ర రచన మాత్రం మూసలోనే ఉంది. దుర్మార్గపు అత్త అన్న చట్రాన్ని దాటడానికి కథ ఆమెకు దారి ఇవ్వలేదు.

2023లో మడోన్ అశ్విన్ దర్శకత్వంలో వచ్చిన ‘మావీరన్’లో శివకార్తికేయన్ తల్లిగా కనిపించారు. మురికివాడ నుంచి నాసిరకపు బహుళ అంతస్తుల భవనంలోకి తరలించబడిన పేద కుటుంబం కథ ఇది. పిరికివాడైన కొడుకుకు, తప్పును తప్పు అని నోరు తెరిచి అడిగే తల్లి. స్వప్న మొండితనమే ఇక్కడ వయసు మీద పడి, బతుకు పోరాటంగా కనిపిస్తుంది. ఈ చిత్రంలో ఇంకొక విశేషం ఉంది. కథానాయకుడికి మాత్రమే ఒక గొంతు వినబడుతుంటుంది. కనిపించని ఆ గొంతే అతన్ని నడిపిస్తుంది. తమిళంలో ఆ గొంతు విజయ్ సేతుపతిది, తెలుగులో రవితేజది. ఇద్దరూ అగ్రనటులు. వారి పేర్లను ప్రచారంలో వాడుకున్నారు. కనిపించని గొంతుకు కూడా పేరు, గౌరవం ఇవ్వవచ్చునని దీనివల్ల తెలుస్తుంది. అదే చిత్రంలో తల్లిగా నిలబడిన నటి, పేరు వినిపించకుండా ఏళ్ళ తరబడి గొంతు ఇచ్చిన మనిషి. ఇది యాదృచ్ఛికమే కావచ్చు. విమర్శకుడు మాత్రం చూసీ చూడనట్టు వదలకూడదు.

7.8 సారాంశం

సరిత 1978లో ‘మరో చరిత్ర’తో పరిచయమై, నాలుగు దక్షిణాది భాషలలో నటించారు. బహుభాషా నగరమైన విశాఖపట్నం ఆ చిత్ర కథకు సహజమైన నేపథ్యం అయింది. నలుపు తెలుపు చిత్రీకరణ ఆమె ముఖాన్ని మార్చకుండా చూపింది. స్వప్న పాత్రలో వినడం, మొండితనం, ఒంటరితనం ఆమె నటనకు ఆధారాలు. తరువాత తమిళంలో ‘తణ్ణీర్ తణ్ణీర్’, ‘అచ్చమిల్లై అచ్చమిల్లై’ వంటి బలమైన పాత్రలు దొరికాయి. తెలుగులో ఆమె కంఠం ఇతర నాయికల ద్వారా ఎక్కువగా వినిపించింది. దీనికి ఒకే కారణం చెప్పలేకపోయినా, నాయిక రూపం గురించిన ముందస్తు నిర్ణయం ఇందులో ఉందని ఈ యూనిట్ వాదించింది. మీరు దీనితో ఏకీభవించనక్కరలేదు. విభేదిస్తే మాత్రం ఏ చిత్రం, ఏ దృశ్యం ఆధారంగానో చెప్పండి. ఈసారి ‘మరో చరిత్ర’ టీవీలో వచ్చినప్పుడు సముద్రాన్ని కాసేపు పక్కన పెట్టి, లిఫ్టులో మాట్లాడకుండా నిలబడిన ఆ అమ్మాయిని చూడండి.

7.9 ముఖ్యపదాలు

గాత్రదానం: తెర మీది నటి మాటలను మరొకరు పలకడం. డబ్బింగ్ అని కూడా వాడుక.
ఊనిక: మాటలో ఒక పదం మీద వేసే బరువు.
ఏకగళ గీతం: ఒక్కరే పాడే పాట.
మూస పాత్ర: ముందే స్థిరపడిన లక్షణాలతో, వ్యక్తిత్వం లేకుండా రాసిన పాత్ర.
ఛాయాగ్రాహకుడు: చిత్రాన్ని కెమెరాలో చిత్రీకరించే సాంకేతిక నిపుణుడు.

7.10 నమూనా పరీక్ష ప్రశ్నలు

అ) క్రింది ప్రశ్నలకు 30 పంక్తులలో సమాధానాలు రాయండి.
1. ‘మరో చరిత్ర’లో సరిత నటనను సన్నివేశాల ఆధారంగా విశ్లేషించండి.
2. సరిత కృషిలో ముఖం, కంఠం అనే రెండు దశలను వివరించి, వాటి మధ్య సంబంధాన్ని చర్చించండి.

ఆ) క్రింది ప్రశ్నలకు 10 పంక్తులలో సమాధానాలు రాయండి.
1. డబ్బింగ్ కళాకారులు ఎదుర్కొనే సాంకేతిక కష్టాలు ఏమిటి?
2. ‘అచ్చమిల్లై అచ్చమిల్లై’లోని పాత్రను స్వప్న పాత్రతో పోల్చండి.
3. మీ ఊరిలోనో, మీ ఇంటిలోనో సినిమా నాయికల రూపం గురించి వినిపించే అభిప్రాయాలను గమనించి, వాటిపై మీ విమర్శ రాయండి.